తన తలమీది చెరువులో తానే దూకిన మనిషి: ‘అతామా యమా’ను ఎలా చూడాలి?

నీలిసిరా (ప్రశ్న):
కోజీ యమమురా 2002లో తీసిన ‘అతామా యమా’ అనే పది నిమిషాల యానిమేషన్ చిత్రాన్ని ఈ వారం మూడుసార్లు చూశాను. పారేయడానికి మనసొప్పక చెర్రీ గింజలను కూడా మింగేసిన ఒక పిసినారి నెత్తిన చెట్టు మొలుస్తుంది. పూత చూడవచ్చిన జనం తాగి చేసే గొడవ భరించలేక అతడు దానిని పెరికివేస్తే, ఆ గుంటలో వాననీరు నిలిచి చెరువవుతుంది. చివరకు అతడు ఆ చెరువులోనే దూకుతాడు. దీని అర్థమేమిటో నాకు అంతుబట్టలేదు. జపాన్ సంప్రదాయం తెలియకపోవడమే కారణమా? ఇలాంటివి ఇంకేమి చూడవచ్చు?

పాతరీలు:
ఇది రకుగో కథ. ఒక్క మనిషి కూర్చున్నచోటనే, విసనకర్ర, చేతిగుడ్డ తప్ప వేరే సరంజామా లేకుండా చెప్పే హాస్యకథనం అది. వినేవారికి చెరువు కంటికి కనిపించదు కనుక, తన తలలో తాను దూకడమన్నది మాటల చమత్కారంగా చెల్లిపోతుంది. యమమురా దానిని బొమ్మగా గీయబూనడంతోనే అది పీడకలగా మారింది. కథను నేటి టోక్యోకు తెచ్చినా, షామిసెన్ అనే మూడు తీగల వాద్యం మీటుతూ కథ పాడే రోక్యోకు కళాకారుడు తకెహరు కునిమోతో గొంతునే వాడుకున్నాడు. హరికథ విన్న చెవికి ఆ ధోరణి మరీ కొత్తగా ఉండదు. కాబట్టి అర్థాన్ని పక్కనబెట్టి, ముందు ఆ గొంతును వినండి.

బొగ్గుముక్క:
నవోయుకి త్సుజి చిత్రాలు కూడా చూడండి. ఆయన కాగితంపై బొగ్గుతో గీసి, ఫొటో తీసి, చెరిపి, అదే కాగితంపై తరువాతి బొమ్మ గీస్తాడు. చెరిపినది పూర్తిగా పోదు. మబ్బు ముఖంగా మారుతున్నప్పుడు పాత మబ్బు మసకగా వెనుక మిగిలే ఉంటుంది. కలలో ఒక మనిషి మరొకరిగా మారినా మొదటివారు పూర్తిగా పోరు కదా, అలాగన్నమాట.

చలిరోజు:
అర్థాన్ని పక్కనబెట్టమన్న పాతరీలు మాటలో సంప్రదాయం తెలియనక్కరలేదన్న ధ్వని ఉంది; దానితో నేను ఏకీభవించను. కిహచిరో కవామోతో పర్యవేక్షణలో 35 మంది యానిమేటర్లు కలిసి చేసిన ‘ఫుయు నో హి’ (2003) జపాన్ హైకూ కవి బషో బృందం 1684లో కూర్చిన గొలుసు కవిత్వానికి దృశ్యరూపం. అందులో ప్రతి పద్యమూ ముందుదానితో ముడిపడాలి, దానికి ముందున్న పద్యం నుండి మాత్రం దూరం జరగాలి. ఈ నియమం తెలియక చూసినప్పుడు నాకది అతుకుల బొంతలా తోచింది; తెలిశాక, కథ లేకపోయినా ఒక బొమ్మ మరొకదాన్ని ఎందుకు పిలిచిందో కనబడసాగింది.

నీలిసిరా:
నాలుగోసారి కళ్లు మూసుకుని విన్నాను. చెరువులో దూకే చోట నవ్వొచ్చింది. కళ్లు తెరిచి చూస్తే మళ్లీ భయమే వేసింది.