1965లో అమెరికాను ఎక్కువ మార్చింది ఏది: ఓటు హక్కు చట్టమా, ఇమ్మిగ్రేషన్ చట్టమా?

గోదారిగట్టు:
1965 అనగానే అందరూ నల్లజాతి వాళ్ల ఓటు హక్కు పోరాటం, అలబామాలోని సెల్మా ఊరు, మార్టిన్ లూథర్ కింగ్ అంటారు. నా లెక్క వేరు. ఆ ఏడాది అక్టోబర్ 3న లిబర్టీ విగ్రహం దగ్గర కూర్చుని అప్పటి అధ్యక్షుడు లిండన్ జాన్సన్ సంతకం పెట్టిన ఇమ్మిగ్రేషన్ చట్టమే ఆ దేశాన్ని అన్నిటికంటే ఎక్కువ మార్చింది. అంతకుముందు ఏ దేశం నుంచి ఎంతమంది రావచ్చో చెప్పే 1924 నాటి కోటాలు ఉండేవి, బ్రిటన్, జర్మనీ, ఐర్లాండ్‌లకే సింహభాగం. మనకైతే 1946 దాకా తలుపే మూసేశారు, ఆ తర్వాత దయతలిచి ఏడాదికి 100 మంది అన్నారు. వంద! ఫాల్ సెమిస్టర్‌కి శంషాబాద్‌లో విమానం ఎక్కే పిల్లలు ఒక్క రాత్రికే అంతకు మించి ఉంటారు. తమాషా ఏంటంటే ఇదేమీ విప్లవాత్మకమైన బిల్లు కాదు, లక్షలాది మంది జీవితాల మీద దీని ప్రభావం ఉండదు అని సంతకం పెడుతూ జాన్సనే చెప్పాడు. ఏం జరిగిందో చూస్తూనే ఉన్నాం. కాదనేవాళ్లు కారణం చెప్పండి.

ఓరుగల్లు రాజు:
అన్నా, మనకు కలిసొచ్చిన చట్టం కాబట్టి అదే పెద్దదని అనిపిస్తోంది, అంతే. సెల్మాలో అసలు ఏం జరిగేదో ఒకసారి చూడు. ఓటరుగా పేరు రాయించుకునే ఆఫీసు నెలకి రెండు సోమవారాలే తెరిచేవాళ్లు. నల్లజాతి వాళ్లు పొద్దున్నుంచి కోర్టు మెట్ల దగ్గర లైన్లో నిలబడితే జిమ్ క్లార్క్ అనే షెరీఫ్ కర్ర పట్టుకుని పక్కనే తిరిగేవాడు. ఎలాగోలా లోపలికెళ్తే రాజ్యాంగం మీద ప్రశ్నలు, ఫారంలో చిన్న తప్పు దొరికినా ఇంటికి పో. ఆ కౌంటీలో అర్హత ఉన్న నల్లవాళ్లలో నూటికి ఇద్దరికో ముగ్గురికో తప్ప ఓటు లేదు. ఫిబ్రవరిలో పక్కనే మేరియన్‌లో జిమ్మీ లీ జాక్సన్ అనే కుర్రాణ్ణి పోలీసు కాల్చి చంపాకే మార్చి 7న సెల్మా నుంచి ఓటు హక్కు కోసం ఊరేగింపు బయల్దేరింది. వంతెన దాటగానే లాఠీలు, టియర్ గ్యాస్, గుర్రాలు. అదంతా ఆ రాత్రే టీవీలో దేశమంతా చూసింది. ఆగస్టు 6న ఓటు హక్కు చట్టం వచ్చింది. మిసిసిపీలో నల్లజాతి ఓటర్ల నమోదు 7 శాతం కూడా లేనిది రెండేళ్లలో 60 శాతం దగ్గరికి వెళ్లింది. సొంత దేశంలో పుట్టిన వాళ్లకే ఓటు లేని చోట, బయటి నుంచి ఎవరు వచ్చారన్నది రెండో ప్రశ్న.

పాత రేడియో:
మీరిద్దరూ వియత్నాంని మర్చిపోయారు. సెల్మాలో దెబ్బలు తిన్న మర్నాడే, మార్చి 8న, డానాంగ్ తీరంలో మెరైన్లు దిగారు, 3,500 మంది. జూలైలో జాన్సన్ టీవీలోకొచ్చి సైన్యాన్ని 75 వేల నుంచి 1,25,000కి పెంచుతున్నాం అన్నాడు. పేదరికం మీద యుద్ధం అన్నవాడి డబ్బూ, పేరూ రెండూ అక్కడే పోయాయి. 1968లో మళ్లీ పోటీ చేయనని తప్పుకున్నాడంటే దాని బీజం ఇక్కడే.
(నవంబర్ 9న న్యూయార్క్‌తో సహా మూడు కోట్ల మందికి కరెంటు పోయింది. దానికి ఓటేసేవాళ్లు ఎవరైనా ఉన్నారా?)

ప్రయారిటీ డేట్:
గోదారిగట్టు గారూ, మీరు పొగుడుతున్న చట్టమే దేశానికి ఇంత అని గీత గీసింది. తూర్పు అర్ధగోళం మొత్తానికి 1,70,000, అందులో ఏ ఒక్క దేశానికీ 20,000 దాటకూడదు. ఐస్‌లాండ్‌కీ అదే గీత, ఇండియాకీ అదే గీత. 1990లో దాన్ని మొత్తం వీసాల్లో దేశానికి 7 శాతం చేశారు, పేరు మారింది గానీ తీరు అదే. ఇక్కడ డాలస్‌లో నా పక్క సీటులో కూర్చునే వాడు నా తర్వాత చాలా ఏళ్లకి వచ్చాడు, పుట్టింది వేరే దేశంలో, గ్రీన్ కార్డు చేతికొచ్చేసింది. నేను ప్రతి నెలా వీసా బులెటిన్ (ఏ తేదీ దాకా దరఖాస్తు చేసినవాళ్ల వంతు వచ్చిందో చెప్పే ప్రభుత్వ జాబితా) తెరుస్తాను, డేటు కదల్లేదని చూసి మూసేస్తాను. 21 నిండితే మా అమ్మాయిని నా దరఖాస్తులో పిల్లల కింద లెక్కించరు, ఆలోపు రాకపోతే ఏంటన్న టెన్షన్ వేరే. జాతి కోటాలు తీసేశారు నిజమే, పుట్టిన దేశం అన్న తూకం మాత్రం తీయలేదు.

గోదారిగట్టు:
మీ బాధ అర్థమవుతుంది, కానీ అది నా వాదనకే బలం కదండీ. అరవై ఏళ్ల తర్వాత కూడా మీ ఇంట్లో టెన్షన్ పెడుతోందంటే దాని పట్టు ఎంతో చూడండి. ఇంకో సంగతి. అమెరికా కాంగ్రెస్‌లో ఓహాయో సభ్యుడు మైకేల్ ఫీగన్ పట్టుబట్టి వీసాల్లో ఎక్కువ భాగం చదువు, నైపుణ్యాలకి కాకుండా కుటుంబ బంధుత్వాలకి పెట్టించాడు. ఇప్పటికే ఉన్నది యూరప్ వాళ్లు కాబట్టి వాళ్ల చుట్టాలే వస్తారు, దేశం రంగు మారదు అని లెక్క. మొదట వెళ్లిన మన డాక్టర్లూ ఇంజనీర్లూ పౌరసత్వం తీసుకుని తమ్ముళ్లనీ చెల్లెళ్లనీ పిలిపించుకున్నారు. ఫీగన్ వేసిన తాళం చెవి మన చేతికే చిక్కింది.

గుంటూరు డాక్టరుగారబ్బాయి:
ఆ డాక్టర్లు ఎందుకు కావలసి వచ్చారో కూడా చెప్పాలి కదా బాబాయ్. జూలై 30న మిసోరీలో మాజీ అధ్యక్షుడు ట్రూమన్‌ని పక్కన కూర్చోబెట్టుకుని జాన్సన్ మెడికేర్ అనే ఆరోగ్య బీమా చట్టం మీద సంతకం పెట్టారు, మొదటి కార్డు ఆయనకే. 65 దాటిన వాళ్ల ఆసుపత్రి బిల్లు ప్రభుత్వం కడతానంటే రోగులు పెరిగారు, అంత మంది డాక్టర్లు అక్కడ లేరు. నాన్నగారి బ్యాచ్‌లో ఎంతమంది అప్పుడు వెళ్లారో ఇప్పటికీ వేళ్ల మీద పేర్లు చెప్తారు. ఇంకొకటి, దక్షిణాది ఆసుపత్రుల్లో నల్లవాళ్లకి వేరే వార్డులుండేవి. మెడికేర్ డబ్బు కావాలంటే ఆ గోడలు తీసేయాలన్నారు, 1966లో నెలల వ్యవధిలో చాలాచోట్ల తీసేశారు. కాబట్టి నా ఓటు మెడికేర్‌కి.

ఓరుగల్లు రాజు:
తమ్ముడూ, మరి ఆ గోడలు తీయమనే అధికారం ఎక్కడిది? 1964 పౌరహక్కుల చట్టం నుంచి. అందుకే నేను సెల్మా దగ్గర పట్టుబడుతున్నా. తెల్లవాళ్ల కోటాలని సమర్థించుకోవడం కష్టమైపోయింది కూడా ఆ ఉద్యమం వల్లనే. కాంగ్రెస్ సభ్యుడు ఇమ్మాన్యుయెల్ సెల్లర్ ఆ కోటాలని 1924లోనే ఎదిరించాడు, నలభై ఏళ్లు ఎవరు విన్నారు? వీధుల్లో జనం దెబ్బలు తిన్నాకే విన్నారు. మనవాళ్లలో కొందరు మన తెలివితోనే వచ్చాం, వాళ్లతో మనకేం సంబంధం అన్నట్టు మాట్లాడతారు, అదే నాకు మంట.

పాత రేడియో:
రాజుగారూ, ఓటు హక్కు చట్టం వచ్చిన ఐదో రోజునే లాస్ ఏంజెలిస్‌లో వాట్స్ అనే నల్లజాతి పేట అల్లర్లలో తగలబడింది, 34 మంది పోయారు. ఓటు చేతిలో ఉన్నా పోలీసు కర్రకి ఆగలేదు.

ఓరుగల్లు రాజు:
నిజమే. ఆ చట్టంలో, ఎన్నికల నియమాలు మార్చే ముందు కేంద్రం అనుమతి ఎవరెవరు తీసుకోవాలో తేల్చే సెక్షన్‌ని 2013లో సుప్రీంకోర్టు కొట్టేసింది కూడా, తీర్పు రాగానే టెక్సాస్ తన ఓటరు ఐడీ చట్టాన్ని అమల్లో పెట్టింది. డాలస్‌లో ఉన్నాయనకి తెలిసే ఉంటుంది.

ప్రయారిటీ డేట్:
తెలుసు. కానీ నాకు ఐడీ ఉంది, ఓటే లేదు.