చార్టులో ‘యువైటిస్’ అని మాత్రమే ఉంటే హెచ్20.9 సరిపోతుందా?

కంటిచార్ట్_కోడర్ అడిగిన ప్రశ్న

అందరికీ నమస్కారమండి. ఇవి అమెరికా కంటి క్లినిక్‌ల ఔట్‌పేషెంట్ చార్టులు, కోడింగ్ ఐసీడీ-10-సీఎంలో, అంటే జబ్బులకు అమెరికాలో వాడే కోడ్‌ల జాబితాలో. మూడు చార్టుల దగ్గర ఆగిపోయాను.

మొదటి చార్టు అసెస్‌మెంట్‌లో ‘యువైటిస్ ఓడీ, ప్రెడ్నిసొలోన్ చుక్కలు తగ్గిస్తున్నాం’ అని మాత్రమే ఉంది (యువైటిస్ అంటే కంటి మధ్య పొర వాపు, ఓడీ అంటే కుడి కన్ను, ప్రెడ్నిసొలోన్ స్టెరాయిడ్). పరీక్షలో కుడి కంటి యాంటీరియర్ చాంబర్‌లో (ముందు గదిలో) 1 ప్లస్ సెల్స్ (వాపు కణాలు), ఆరు గంటల స్థానంలో పోస్టీరియర్ సైనీకియా (ఐరిస్ వెనక కటకానికి అతుక్కోవడం), ఐఓపీ (కంటి లోపలి ప్రెషర్) 32 అని రాశారు. హిస్టరీలో ‘గత ఏడాది రెండుసార్లు వచ్చింది’ అని ఉంది. హెచ్20.9 వేస్తే ఆడిట్‌లో వెనక్కి పంపారు. రెండుసార్లు వచ్చిందని ఉంది కాబట్టి హెచ్20.021 (అక్యూట్ రికరెంట్, కుడి కన్ను) వేయవచ్చా? ఐఓపీ 32కి గ్లకోమా కోడ్ హెచ్40.41 కూడా కలపాలా? ప్రెషర్ స్టెరాయిడ్ వల్ల పెరిగితే టీ38.0ఎక్స్5ఏ (స్టెరాయిడ్ దుష్ప్రభావ కోడ్) వేస్తే సరిపోతుందా?

రెండో చార్టు ‘హెర్పిస్ జోస్టర్ యాంటీరియర్ యువైటిస్, ఎడమ కన్ను’. బి02.32 (జోస్టర్ ఐరిడోసైక్లైటిస్, అంటే జోస్టర్ వల్ల కంటి ముందు భాగపు వాపు)తో పాటు హెచ్20.032 (ఇన్ఫెక్షన్ వల్ల వచ్చిన ఐరిడోసైక్లైటిస్, ఎడమ కన్ను) వేశాను. హెచ్20 కింద ఉన్నది ఎక్స్‌క్లూడ్స్2 నోట్ కదా, రెండూ కలిపి వేయవచ్చు అనుకున్నాను. ఆడిటర్ రెండోది తీసేశారు. కారణం అర్థం కాలేదు.

మూడోది ‘యువైటిస్, సీఎంఈ, ఎడమ కన్ను’ (సీఎంఈ అంటే సిస్టాయిడ్ మాక్యులర్ ఎడీమా, రెటీనా మధ్య భాగంలో నీరు చేరడం). కంటిలో డెక్సామెథసోన్ (స్టెరాయిడ్) ఇంప్లాంట్ వేశారు. డయాగ్నోసిస్ హెచ్20.9తో వెళ్ళిన క్లెయిమ్ డినై అయింది. ఏ కోడ్ పెట్టి మళ్ళీ పంపాలి?

ట్యాబులర్_ముందు

మీ మొదటి చార్టు గురించి వివరంగా రాస్తాను, ఎక్కువ తప్పులు జరిగేది అక్కడే.

హెచ్20.9 కింద ‘యువైటిస్ ఎన్ఓఎస్’ (ఇంతకు మించి వివరం లేని యువైటిస్) అనే మాట నేరుగానే ఉంది. కాబట్టి అసెస్‌మెంట్‌లో ఉన్న ఆ ఒక్క మాటను బట్టి చూస్తే మీరు వేసిన కోడ్ చెల్లుతుంది. కానీ అందులో ఏ కన్నో, అక్యూటో క్రానికో, కారణమేమిటో ఏమీ లేవు. చార్టులో ఇన్ని వివరాలు కనిపిస్తున్నప్పుడు ప్రొవైడర్‌ను (చూసిన వైద్యుణ్ణి) అడగకుండా అన్‌స్పెసిఫైడ్ వేశారనేదే ఆడిటర్ అభ్యంతరం అయి ఉంటుంది.

అయినా హెచ్20.021కి మీ అంతట మీరు దూకకండి. ‘గత ఏడాది రెండుసార్లు’ అన్నది రోగి చెప్పిన చరిత్ర, ప్రొవైడర్ ఇచ్చిన డయాగ్నోసిస్ కాదు. పైగా కంటి వైద్యుల దృష్టిలో రికరెంట్‌కు, క్రానిక్‌కు మధ్య గీత చాలా స్పష్టంగా ఉంటుంది. 2005లో వెలువడిన ఎస్‌యూఎన్ (యువైటిస్ పదాలను ప్రామాణికం చేసిన నిపుణుల బృందం) వర్గీకరణ ప్రకారం, మందు లేకుండా కనీసం మూడు నెలలు కన్ను ప్రశాంతంగా ఉండి మళ్ళీ వస్తే అది రికరెంట్. మందు ఆపిన మూడు నెలల లోపే తిరగబెడుతూ కొనసాగితే క్రానిక్. ఈ రోగి రెండు దఫాల మధ్య చుక్కలు పూర్తిగా ఆపారో లేదో మీ చార్టు చెప్పడం లేదు. ఆ ఒక్క విషయం మీదే కోడ్ హెచ్20.02- నుంచి హెచ్20.1-కి మారిపోతుంది (చివరి గీత మిగతా అక్షరాలకు గుర్తు).

క్వెరీలో (ప్రొవైడర్‌కు పంపే ప్రశ్నలో) ‘ఇది రికరెంట్ అని రాయగలరా’ అని అడగకూడదు, అది జవాబును మనమే అందించినట్టు అవుతుంది. ఇలా రాయండి: ‘అసెస్‌మెంట్‌లో యువైటిస్ ఓడీ అని ఉంది. పరీక్షలో కుడి యాంటీరియర్ చాంబర్‌లో 1 ప్లస్ సెల్స్, పోస్టీరియర్ సైనీకియా నమోదయ్యాయి. గత ఏడాది రెండు దఫాలు వచ్చినట్టు హిస్టరీలో ఉంది. మీ క్లినికల్ నిర్ణయం ప్రకారం వాపు ఉన్న స్థానం, దాని గమనం, తెలిస్తే కారణం పేర్కొనగలరు. గమనం: అక్యూట్ మొదటి దఫా, అక్యూట్ రికరెంట్, క్రానిక్, మరొకటి, నిర్ణయించలేము.’

జవాబు వచ్చాక అక్షరాల విషయంలో జాగ్రత్త. అక్యూట్ ప్రైమరీ కుడి కన్ను హెచ్20.011. క్రానిక్ కుడి కన్ను హెచ్20.11. మధ్యలో ఒక్క సున్నా జారిపోతే అక్యూట్ కాస్తా క్రానిక్ అవుతుంది. రెండూ చెల్లే కోడ్‌లే కాబట్టి సాఫ్ట్‌వేర్ మిమ్మల్ని ఆపదు. ఎడమ కంటికి హెచ్20.012, హెచ్20.12 దగ్గరా ఇదే ప్రమాదం. హెచ్20.0 కింద కన్ను ఆరో అక్షరంలో వస్తుంది, హెచ్20.1 కింద ఐదో అక్షరంలోనే వచ్చేస్తుంది. ఒక కన్ను అక్యూట్, రెండోది క్రానిక్ అయితే రెండు కోడ్‌లు వేరువేరుగా వేయాలి, బైలాటరల్ కోడ్ వేయకూడదు.

ప్రైమరీ, రికరెంట్, సెకండరీ అనే మాటలేవీ లేకుండా ‘అక్యూట్ ఐరైటిస్ కుడి కన్ను’ (ఐరైటిస్ కూడా ముందు భాగపు వాపే) అని మాత్రమే వస్తే ఇండెక్స్ (కోడ్‌ల అక్షర క్రమ సూచిక) ప్రకారం హెచ్20.00 దగ్గరే ఆగాలి. దానిలో కన్ను చెప్పే అక్షరమే లేదు. కన్ను రాశారు కదా అని హెచ్20.011కి వెళ్ళడం చాలా చార్టుల్లో కనిపించే తప్పు.

సైనీకియాను ప్రొవైడర్ అసెస్‌మెంట్‌లోకి తెచ్చి, కంటిపాపను విప్పే చుక్కలు ఇవ్వడం లాంటి చర్య తీసుకుంటే హెచ్21.541 అదనంగా వేయండి. పరీక్ష వివరాల్లో మాత్రమే ఉంటే వదిలేయడమే నయం.

ఐఓపీ_గురించి

పైవారు చెప్పిన దానికి ప్రెషర్ సంగతి కలుపుతాను. ఐఓపీ 32 అనేది ఒక కొలత. దాన్ని చూసి కోడర్ గ్లకోమా అని తేల్చకూడదు. ప్రొవైడర్ ఏం రాస్తారన్న దాన్ని బట్టి దారులు ఇలా విడిపోతాయి.

కంటి నరానికి నష్టం లేదు, ప్రెషర్ మాత్రమే ఎక్కువ అంటే ఆక్యులర్ హైపర్‌టెన్షన్, కుడి కంటికి హెచ్40.051. స్టెరాయిడ్‌కు స్పందించి పెరిగిందని ‘స్టెరాయిడ్ రెస్పాండర్’ అని రాస్తే హెచ్40.041. వాపు వల్లే గ్లకోమా వచ్చిందంటే హెచ్40.41ఎక్స్-, ఆ ఎక్స్ తర్వాత ఏడో అక్షరం తప్పనిసరి: మైల్డ్ 1, మోడరేట్ 2, సివియర్ 3, నిర్ణయించలేని దశ 4, దశ రాయకపోతే 0. మీరు రాసిన హెచ్40.41 అసంపూర్ణం, క్లెయిమ్ అక్కడే తిరిగి వస్తుంది. దశ రాయలేదు కాబట్టి 4 వేస్తాం అనుకోకండి. 4 అంటే ప్రొవైడర్ పరీక్షించి కూడా దశ తేల్చలేకపోయారని అర్థం. రాయకపోవడం వేరు, దానికి 0. ఈ కోడ్‌తో పాటు అసలు వాపు కోడ్ కూడా వేయాలి. అక్కడ ‘కోడ్ ఆల్సో’ అని ఉంది, అంటే ఏది ముందన్న నియమం లేదు, ఆ విజిట్ దేనికోసం జరిగిందో అది ముందు.

స్టెరాయిడ్ వల్ల గ్లకోమా అని రాస్తే హెచ్40.61ఎక్స్-, దాని తర్వాత మందు దుష్ప్రభావ కోడ్. ఇక్కడ మీరు అనుకున్న టీ38.0ఎక్స్5ఏ కంటి చుక్కలకు పనికిరాదు. టీ38.0 కింద పైపూతగా వాడే గ్లూకోకార్టికాయిడ్లను టీ49కి పంపే ఎక్స్‌క్లూడ్స్1 నోట్ (కలిపి వేయకూడదనే సూచన) ఉంది. కంటిలో వేసే ప్రెడ్నిసొలోన్ చుక్కలకు టీ49.5ఎక్స్5ఏ. నోటి మాత్రల వల్ల అయితేనే టీ38.0ఎక్స్5ఏ. డ్రగ్ టేబుల్‌లో ప్రెడ్నిసొలోన్ దగ్గర మొదటి వరుస చూసి ఆగిపోతే ఈ తప్పు జరుగుతుంది, దాని కిందే కంటి మందుకు వేరే వరుస ఉంటుంది.

ఇన్ఫెక్షన్_అధ్యాయం

రెండో చార్టులో మీ ఆడిటర్‌దే సరి. ఎక్స్‌క్లూడ్స్2 అంటే ‘ఇది ఇక్కడ లేదు, వేరే చోట ఉంది’ అని. రోగికి నిజంగా రెండు వేరువేరు జబ్బులు ఉంటే రెండు కోడ్‌లూ వేసుకోవచ్చని అనుమతి, అంతే. ఒకే వాపును రెండుసార్లు లెక్కించడానికి అది అనుమతి కాదు. బి02.32లో జోస్టర్ కూడా, ఐరిడోసైక్లైటిస్ కూడా ఉన్నాయి. అదే కంటి అదే వాపుకు హెచ్20.032 కలిపితే ఒకే సంగతి రెండుసార్లు చెప్పినట్టు. ఆ రోగి కుడి కంటిలో జోస్టర్‌తో సంబంధం లేని ఐరైటిస్ విడిగా ఉంటే మాత్రం దాని హెచ్20 కోడ్ పక్కన వేయవచ్చు.

మీ చేయి హెచ్20.032 వైపు ఎందుకు వెళ్ళిందో అర్థమవుతుంది. బి02.32లో కన్ను చెప్పే అక్షరం లేదు, ఎడమ అన్న వివరం పోతోందనిపిస్తుంది. ఆ వివరం ప్రొసీజర్ లైన్ మీద ఎల్‌టీ (ఎడమ) మాడిఫయర్‌తో వెళ్తుంది. డయాగ్నోసిస్‌లో దాన్ని ఇరికించాల్సిన అవసరం లేదు.

ఇలా కారణాన్నీ వాపునూ కలిపి చెప్పే కోడ్‌లు ఇంకా ఉన్నాయి: హెర్పిస్ సింప్లెక్స్‌కు బి00.51, సెకండరీ సిఫిలిస్‌కు ఏ51.43, సార్కాయిడోసిస్‌కు డి86.83, క్షయకు ఏ18.54. వాపు వెనుక భాగంలో ఉంటే ఇవి మారతాయి. క్షయ కోరియోరెటినైటిస్ ఏ18.53, టాక్సోప్లాస్మా కోరియోరెటినైటిస్ బి58.01.

దీనికి భిన్నమైన గుంపు ఆంకిలోజింగ్ స్పాండిలైటిస్, జువెనైల్ ఆర్థరైటిస్, బెహ్చెట్ లాంటివి. ఎం45.- వెన్నులో ఏ భాగమో చెబుతుంది, కంటి గురించి ఏమీ చెప్పదు. కాబట్టి ప్రొవైడర్ రెంటినీ ముడిపెట్టి రాస్తే ఎం45.-తో పాటు హెచ్20.04- కూడా కావాలి. పిల్లల ఆర్థరైటిస్‌లో క్రానిక్ వాపుకు ఎం08.-, హెచ్20.1- జంట. రోగనిరోధక శక్తిని తగ్గించే మందుల్లో మెథోట్రెక్సేట్ దీర్ఘకాలంగా వాడుతుంటే జెడ్79.631, అడాలిముమాబ్ అయితే జెడ్79.620. ఇంకా జెడ్79.899 (ఇతర మందుల దీర్ఘకాల వాడకం) వేస్తున్న టెంప్లేట్లు ఉంటే మార్చండి, ఈ విడి కోడ్‌లు 2022 అక్టోబర్ 1 నుంచి అమల్లో ఉన్నాయి.

కంటిచార్ట్_కోడర్

చాలా కృతజ్ఞతలండి, జోస్టర్ చిక్కు విడిపోయింది. దానికే అనుబంధంగా ఒకటి: ‘క్షయ వల్ల కావచ్చు, క్వాంటిఫెరాన్ పాజిటివ్, ఛాతీ సీటీకి పంపుతున్నాం’ (క్వాంటిఫెరాన్ క్షయ రక్తపరీక్ష) అని రాసిన చార్టుకు ఏ18.54 వేయవచ్చా?

ఇన్ఫెక్షన్_అధ్యాయం

వేయకూడదు. ఔట్‌పేషెంట్ నియమాల్లో నాలుగో విభాగం చెప్పేది ఇదే: ప్రాబబుల్, సస్పెక్టెడ్, రూల్ ఔట్, కన్సిస్టెంట్ విత్ లాంటి అనిశ్చిత మాటలతో ఉన్న జబ్బును ఖాయమైనట్టు కోడ్ చేయకూడదు. ‘కావచ్చు’ కూడా ఆ కోవలోదే. ఆ విజిట్‌కు ఖాయంగా తెలిసిన వాపును హెచ్20 (ముందు భాగం) లేదా హెచ్30లో (వెనక భాగం) వేయండి, క్వాంటిఫెరాన్ ఫలితానికి ఆర్76.12. ప్రొవైడర్ ‘లేటెంట్ టీబీ’ అని స్పష్టంగా రాస్తే జెడ్22.7. ఆస్పత్రిలో చేరి డిశ్చార్జ్ అయిన రోగి చార్టుకు నియమం వేరు, అక్కడ డిశ్చార్జ్ నాటికి కూడా ‘ప్రాబబుల్’గా మిగిలిన జబ్బును ఉన్నట్టే కోడ్ చేస్తారు. రెండు రకాల చార్టులూ చేసేవాళ్ళు ఇక్కడే తడబడతారు.

ఈ తప్పును తేలిగ్గా తీసుకోవద్దు. ఏ18.54 ఒకసారి రికార్డులోకి ఎక్కితే ఆ మనిషికి క్షయ ఉన్నట్టే తర్వాత చూసేవాళ్ళు చదువుతారు.

రెటీనా_బిల్లింగ్

మూడో చార్టుకు వస్తాను. డెక్సామెథసోన్ ఇంట్రావిట్రియల్ ఇంప్లాంట్‌కు యువైటిస్ పరంగా ఆమోదం ఉన్నది పోస్టీరియర్ సెగ్మెంట్‌లోని (వెనక భాగంలోని) నాన్‌ఇన్ఫెక్షస్ వాపుకే. హెచ్20.9 ఐరిడోసైక్లైటిస్ గుంపులోది, అంటే ముందు భాగం. పేయర్ (బీమా సంస్థ) సిస్టమ్ ఆ జతను చూసి తోసేసింది.

అలాగని వెనక భాగం కోడ్ ఒకటి వెతికి పెట్టి మళ్ళీ పంపడం సరికాదు. సీఎంఈ ఉంది కాబట్టి ఇది పోస్టీరియర్ యువైటిసే అని కోడర్ అనుకోకూడదు. మాక్యులర్ ఎడీమా లాంటి పర్యవసానాన్ని బట్టి వాపు స్థానాన్ని నిర్ణయించకూడదని ఎస్‌యూఎన్ వర్గీకరణే చెబుతోంది. వాపు ప్రధానంగా ఎక్కడ ఉందో అదే స్థానం. ముందు భాగపు వాపుతో కూడా సీఎంఈ వస్తుంది.

ఆ రోజు నోట్‌లో విట్రియస్ (కంటి లోపలి జెల్లీ) సెల్స్, స్నోబాల్స్ (అందులోని తెల్లటి ముద్దలు), రెటీనా మచ్చలు లాంటివి ఉన్నాయేమో చూసి, వాటిని పేర్కొంటూ స్థానం అడగండి. ప్రొవైడర్ ఇంటర్మీడియట్ లేదా పార్స్ ప్లానైటిస్ అంటే ఎడమ కంటికి హెచ్30.22. పానువైటిస్ (కంటి అన్ని భాగాల్లోనూ వాపు) అంటే హెచ్44.112. పోస్టీరియర్ అంటే ఇండెక్స్ కోరియోరెటినైటిస్ వైపు పంపుతుంది, ఫోకల్ హెచ్30.0-, డిసెమినేటెడ్ హెచ్30.1-, ఏదీ చెప్పకపోతే హెచ్30.92. యాంటీరియర్ అనే తేల్చితే డినయల్ నిలుస్తుంది, అక్కడ మన చేతిలో ఉన్నది అప్పీల్ మాత్రమే. జవాబు తేదీతో సహా అడెండమ్‌గా (తర్వాత చేర్చిన నోట్‌గా) చార్టులో ఉండాలి, ఈమెయిల్‌లో వచ్చిన ఒక ముక్కను ఆధారం చేసుకోకండి.

సీఎంఈకి విడిగా హెచ్35.352 వేస్తారు. కంటిశుక్లం ఆపరేషన్ తర్వాత వచ్చిందని ప్రొవైడర్ ముడిపెడితేనే హెచ్59.03-.

మళ్ళీ పంపే ముందు మిగతా లైన్లు కూడా చూసుకోండి. ఇంజెక్షన్ 67028కు ఎల్‌టీ ఉండాలి. మందు జే7312 ఒక్కో యూనిట్ 0.1 మిల్లీగ్రామ్, ఇంప్లాంట్ 0.7 మిల్లీగ్రామ్, కాబట్టి 7 యూనిట్లు. ఒక ఇంప్లాంట్ కదా అని 1 వేస్తే మందు ధరలో ఏడో వంతే వస్తుంది. చార్టులో ‘నాన్‌ఇన్ఫెక్షస్’ అన్న మాట ఉందో లేదో కూడా చూడండి. కంటి ఇన్ఫెక్షన్ ఉంటే ఈ ఇంప్లాంట్ వేయకూడదు, కాబట్టి అప్పీల్ చదివే వైద్యుడు మొదట వెతికేది ఆ మాటనే.

అడాలిముమాబ్ ప్రయర్ ఆథరైజేషన్‌లోనూ (పేయర్ ముందస్తు అనుమతిలోనూ) ఇదే ఇబ్బంది. 2016లో వచ్చిన ఆమోదం ఇంటర్మీడియట్, పోస్టీరియర్, పానువైటిస్‌లకు. హెచ్20తో పంపిన అభ్యర్థన చాలాసార్లు మొదటి మెట్టు మీదే ఆగుతుంది.

ట్యాబులర్_ముందు

ఒక చిన్న సంగతి చెప్పడం మరిచాను. మీ మొదటి రోగి తర్వాతి విజిట్‌లో చుక్కలు ఆపేసి, సెల్స్ లేకుండా, ‘ఐరైటిస్ తగ్గిపోయింది’ అని ఉంటే పాత హెచ్20 కోడ్‌ను కాపీ చేయకండి. దానికి జెడ్86.69 (గత వ్యాధి చరిత్ర). సైనీకియా మిగిలిపోయి దాన్ని ప్రొవైడర్ అంచనా వేస్తే హెచ్21.541 ముందు వస్తుంది. చుక్కలు ఇంకా తగ్గిస్తున్న దశలోనే ఉంటే మాత్రం సెల్స్ కనిపించకపోయినా చికిత్స నడుస్తున్నట్టే, కాబట్టి వాపు కోడ్ ఉంటుంది.

కంటిచార్ట్_కోడర్

మూడు క్వెరీలూ ఈ రూపంలోనే తయారుచేశానండి. మొదటి చార్టుకు స్థానం, గమనంతో పాటు ఐఓపీ గురించి విడి ప్రశ్న కూడా పెట్టాను. జవాబులు వచ్చాక ఏ కోడ్‌లకు చేరాయో ఇక్కడే రాస్తాను.