పది నిమిషాల ఎండ్రకాయ సలాడ్: ప్యాకెట్‌లో వచ్చేదాన్ని ఎండ్రకాయ అనొచ్చా?

కొర్లగుంట వంటిల్లు:
అందరికీ నమస్తే. డ్యూటీ నుంచి ఇంటికొచ్చేసరికి ఎనిమిది దాటతా ఉంది, అందుకని ఈ మధ్య వారానికొకసారి ఎండ్రకాయ సలాడ్ చేసుకుంటా ఉండా. క్రాబ్ స్టిక్స్ ప్యాకెట్ పొద్దున్నే ఫ్రీజర్లోంచి తీసి కింద ఫ్రిజ్‌లో పెట్టి పోతా, సాయంత్రానికి మెత్తబడి ఉంటాయి. వాటిని వేళ్లతో పీచులు పీచులుగా చీల్చి, కీర, ఉల్లిపాయ సగం, పచ్చిమిరపకాయ ఒకటి, కొత్తిమీర, మిరియాల పొడి, నిమ్మరసం, రెండు స్పూన్లు మయోనైజ్. పది నిమిషాలు, అంతే. తోతాపురి కాయ దొరికే రోజుల్లో తోలుతోనే సన్నగా తరిగి వేస్తా, ఆ పులుపు ఉంటే మయోనైజ్ సగం తగ్గించుకోవచ్చు. మీరు ఇంకా ఏం వేస్తారో చెప్పండి.

తడ రేవు:
మేడమ్, అందులో ఎండ్రకాయ ఎక్కడుంది? ప్యాకెట్ తిప్పి వెనకాల చదవండి. ముందు చేప ముద్ద అని ఉంటాది, తర్వాత పిండి, గుడ్డు తెల్లసొన, చక్కెర, ఉప్పు, ఎర్ర రంగు, చివర్లో ఫ్లేవర్. తెల్ల చేపని రుబ్బి, కడిగి, ఎండ్రకాయ డెక్కలోని, అంటే కొండిలోని మాంసం లాగా కనపడేటట్టు చేస్తారు, 1970ల్లో జపాన్‌లో కనిపెట్టినారు. చేప తినండి, నేను వద్దనను. ఎండ్రకాయ సలాడ్ అని పేరు పెట్టొద్దు.

చిత్తూరు తోతాపురి:
మామిడికాయ ఐడియా బాగుండాది. దోరగా అయినాక వద్దు, టెంక ముదిరిన పచ్చికాయే తీసుకోండి.

కొర్లగుంట వంటిల్లు:
తడ రేవు గారూ, అందరూ క్రాబ్ స్టిక్సే అంటారు, దుకాణంలో అట్లనే అడగతాం. మైసూర్ బోండా మైసూర్ నుంచి వస్తాదా?

తడ రేవు:
మైసూర్ బోండాలో బోండా ఉంటాది. మీల్ మేకర్ కూర చేసి మటన్ కూర అని ఎవరైనా వడ్డిస్తారా మేడమ్? పెళ్లిలో అట్లా వడ్డిస్తే బంతిలోనుంచి లేచిపోతారు.

పీలేరు అక్క:
ఇద్దరూ పేరు మీద పడినారు గానీ నా డౌట్ వేరే. మయోనైజ్ యాడిది? పచ్చి గుడ్డుదా? తెలంగాణలో 2024 అక్టోబర్ చివర్లో పచ్చిగుడ్డు మయోనైజ్‌ని ఏడాది పాటు ఆపేసినారు, 2025 ఏప్రిల్‌లో తమిళనాడు వాళ్లు కూడా ఆపినారు. నేనైతే గట్టి పెరుగుని గుడ్డలో కట్టి రెండు గంటలు వేలాడదీసి, ఆ నీళ్లు వార్చిన పెరుగే వేస్తా.

శనివారం వద్దు:
ఎండ్రకాయలో పెరుగా? బొల్లి వస్తాది అక్కా. మా అవ్వ చేపలు తిన్న రోజు మజ్జిగ కూడా తాగనిచ్చేది కాదు.

రెండో షిఫ్ట్ నర్సు:
రాదండీ. బొల్లి అంటే చర్మానికి రంగునిచ్చే కణాలని మన ఒంట్లోని రక్షణ వ్యవస్థే పాడుచేస్తే వచ్చేది. చేప, పెరుగు కలిపి తింటే వచ్చేది కాదు. దాని బదులు అసలు భయపడాల్సింది చెప్తా. ఎండ్రకాయ, రొయ్య పడనివాళ్లు "ప్యాకెట్‌లో ఎండ్రకాయ లేదంట కదా" అని తినేయొద్దు, కొన్నిట్లో ఫ్లేవర్ కోసం ఎండ్రకాయ రసం కొంచెం కలుపుతారు. ఆ అలర్జీ తెప్పించే ప్రొటీన్ ఉడికించినా పోదు. గుడ్డు పడని పిల్లలకి కూడా చూసి పెట్టండి.

శనివారం వద్దు:
మీ చదువు మీది. మా అవ్వ మాట మాది.

కాలవగట్టు:
నాదొక సందేహం. పొలం కాలవల్లో దొరికే చిన్న ఎండ్రకాయల్ని నిమ్మరసంలో బాగా నానబెడితే ఉడికినట్టే తెల్లగా అయితాయి కదా, అట్లా సలాడ్‌లో వేసుకోవచ్చా?

రెండో షిఫ్ట్ నర్సు:
వద్దు అన్నా, దయచేసి వద్దు. నిమ్మరసానికి మాంసం రంగు మారతాది గానీ లోపల పురుగు చావదు. మంచినీళ్ల ఎండ్రకాయల్లో ఊపిరితిత్తుల్లోకి పోయే ఒక పురుగు ఉంటాది. మణిపూర్ పక్క పచ్చివి తిన్నవాళ్లకి దగ్గులో రక్తం పడితే టీబీ అనుకుని నెలల తరబడి టీబీ మందులే వాడిన కేసులున్నాయి. బాగా ఉడకాల్సిందే.

తడ రేవు:
ఉడికించేది నేను చెప్తా వినండి, అసలు సలాడ్ ఎట్లా చెయ్యాలో. ముందు ప్రాణంతో ఉన్నదే కొనాలి, చచ్చినదాన్ని సగం ధరకిచ్చినా వద్దు, చచ్చిన కాసేపటికే మాంసం పాడయిపోతాది. చేతిలో పెట్టుకుంటే సైజుకి మించి బరువుండాలి. కాళ్లు మొదలయ్యే చోట పొట్ట పక్క బొటనవేలుతో నొక్కండి, లోపలికి పోయిందంటే అది కొత్తగా డిప్ప మార్చుకున్నది, లోపల అంతా నీళ్లే. పొట్ట కింద మూత సన్నగా కోసుగా ఉంటే మగది, డెక్కల్లో మాంసం ఎక్కువ. ఇంటికి తెచ్చినాక డెక్కలకి కట్టిన తాడు విప్పకుండా అరగంట ఐస్ నీళ్లలో పెట్టండి, మత్తుగా అయిపోతాది. అట్లా చెయ్యకుండా నేరుగా వేడి నీళ్లలో వేస్తే కాళ్లు విదిల్చేసుకుంటాది, ఆ సందుల్లోనుంచి నీళ్లు దూరి మాంసం చప్పబడిపోతాది. తెర్లతా ఉండే ఉప్పు నీళ్లలో అరకిలోదైతే పన్నెండు నుంచి పదిహేను నిమిషాలు. తీసి చల్లనీళ్లలో వేసి, డిప్ప లేపి, రెండు పక్కలా బూడిద రంగులో మెత్తగా ఈకల్లాగా ఉండేవి మొత్తం పీకెయ్యాలి. డెక్కల్ని రోకలి బండతో ఒక్క దెబ్బ, నుజ్జు చెయ్యకుండా. ఆ మాంసానికి మయోనైజ్ ఎందుకు? నిమ్మరసం, మిరియాలు, చిన్నుల్లిపాయ చాలు. ఇంత తెలుసుకునే ఓపిక లేక, సోమరితనానికి సలాడ్ అని పేరు పెట్టి తింటా ఉండారు జనం.

కొర్లగుంట వంటిల్లు:
సోమరితనమా? పొద్దున ఆరుకి లేచి రాత్రి ఎనిమిదికి వచ్చేదాన్ని నేను. మీ ఇంట్లో ఆ ఈకలు పీకి, డెక్కలు కొట్టి, పెంకు ఏరేది మీరా, మీ అమ్మగారా? ముందు అది చెప్పండి.

తడ రేవు:
మా అమ్మని ఎందుకు తెస్తారు మధ్యలోకి?

కొర్లగుంట వంటిల్లు:
మీరు పదిహేను నిమిషాలు అని రాసినారు కాబట్టి. ఉడికేది పదిహేను నిమిషాలు, ఒలిచేది గంట. ఆ గంట ఎవరిదో ఎవరూ రాయరు.

పీలేరు అక్క:
ఈ మాట కరెక్ట్.

తడ రేవు:
గంట పడతాది, కాదనను. కిలో ఎండ్రకాయలు ఒలిస్తే పావుకిలో మాంసం వస్తాది. కానీ పని ఎక్కువని ఇంకోదానికి ఆ పేరు పెట్టుకోవచ్చా? మీరు ఇంతవరకు ఎన్నిసార్లు నిజమైనవి తెచ్చి వండినారు?

కొర్లగుంట వంటిల్లు:
ఒక్కసారి. చెప్తా వినండి. పోయిన సంవత్సరం వేరే వీధిలో పై పోర్షన్‌లో ఉన్నాం. ఇల్లు చూసేటప్పుడే "నాన్ వెజ్ వండుతారా" అని అడిగినారు, గుడ్డు మాత్రమే అని చెప్పి దిగినాం, ఈ తిరుపతిలో అట్లా చెప్పకపోతే ఇల్లు దొరకదు. ఒక ఆదివారం మా ఆయన ఆశపడి నాలుగు ఎండ్రకాయలు తెచ్చినాడు. కిటికీలు మూసి, తలుపు కింద తడిగుడ్డ పెట్టి ఉడికించినా. వాసన ఆగుతాదా? మెట్ల మీదికి పోయింది. గంటలో ఓనరమ్మ వచ్చి వాకిట్లో నిలబడింది, లోపలికి రాలేదు, ముక్కుకి కొంగు అడ్డం పెట్టుకుని "ఈ నెలాఖరుకి చూసుకోండమ్మా" అనింది. మా పాప ఒకటో తరగతి, స్కూల్ మధ్యలో ఇల్లు మారినాం. ఆ ఎండ్రకాయలు తినలేదు కూడా, రాత్రి కవర్లో కట్టి మా ఆయన బండి మీద తీసుకుపోయి దూరంగా కుప్పలో పడేసి వచ్చినాడు. ఇప్పుడుండే ఇంట్లో కూడా అదే కండిషన్. ప్యాకెట్ అయితే స్టవ్ వెలిగించే పని లేదు, వాసన లేదు, ఎవరికీ తెలియదు. నాకు ఎండ్రకాయ అనే మాట ఇంట్లో పలకడానికి మిగిలిన దారి ఇదొక్కటే. మీరొచ్చి పేరు కూడా తీసెయ్యమంటా ఉండారు.

ఎమ్మార్ పల్లి:
అక్కా, మాకూ ఇదే. కుక్కర్ పెట్టాలంటే పక్కింటి వాళ్లు ఊరికి పోయినారా లేదా చూసుకుని పెడతాం.

శనివారం వద్దు:
ఓనర్లకి కూడా వాళ్ల పద్ధతి ఉంటాది కదా. వాళ్లిల్లు వాళ్లిష్టం. చెప్పి దిగినారు, మాట తప్పినారు.

కొర్లగుంట వంటిల్లు:
తప్పినా. అందుకే ఖాళీ చేసినా. ఇంకేం చెయ్యమంటారు?

తడ రేవు:
మేడమ్, సోమరితనం అన్న మాట వెనక్కి తీసుకుంటా ఉండా. ఇల్లు సంగతి నాకు తెలియదు, మా ఊర్లో ఇంటింటికీ అదే వాసన.

కానీ నా సంగతి కూడా వినండి. మాది పులికాట్ ఒడ్డు. 2022లో జిల్లాలు మార్చినాక మేము కూడా తిరుపతి జిల్లావాళ్లమే, దేశంలో చిలకా తర్వాత అంత పెద్ద ఉప్పునీళ్ల సరస్సు మనదే. అందులో మండ పీత అనే రకం ఎండ్రకాయ దొరుకుతాది. పెద్దవి, డెక్కలు రెండూ బాగుండేవి ప్రాణంతోనే చెన్నై పోతాయి, అక్కడి నుంచి విమానం ఎక్కి సింగపూర్ దాకా పోతాయి. డెక్క విరిగినది, చిన్నది మాకు మిగలతాది, వాటిని గంపలో తడి గోనె కప్పి మా అమ్మ మీ ఊరికి బస్సులో తెస్తాది, రెండు గంటల పైనే దారి. మొన్న ఒకాయన గంప ముందర నిలబడి, "ఇదే ఎండ్రకాయ ప్యాకెట్‌లో ఇంతకన్నా చౌకగా, ఒలిచి మరీ ఇస్తా ఉంటే నీ దగ్గర ఎందుకు కొనాలమ్మా" అన్నాడంట. మా అమ్మకి చదువు రాదు. ఇంటికొచ్చి, ఒలిచి ఎట్లా ఇస్తారురా అంత తక్కువకి, వాళ్లకి ఎండ్రకాయలు ఎక్కడ దొరకతా ఉండాయి అని నన్ను అడిగింది. అది ఎండ్రకాయ కాదమ్మా, చేప అని చెప్పినా, నమ్మలేదు. మీ పోస్ట్ చూసేసరికి ఆ మనిషే కనపడినాడు నాకు.

రెండో షిఫ్ట్ నర్సు:
ఇది మొదటి రోజే చెప్పుంటే ఇంత గొడవ అయ్యేది కాదు కదన్నా.

కొర్లగుంట వంటిల్లు:
తమ్ముడూ, మీ అమ్మగారు ఉడికించి ఒలిచి ఇస్తారా? వాసన నా ఇంట్లో రాకుండా ఉంటే పావుకిలో నేను కొంటా.

తడ రేవు:
ఒలిచి ఇస్తాది అక్కా. కానీ ఒలిచిన మాంసం ఐస్ డబ్బాలోనే రావాల, ఎండాకాలం నేను పంపించను, పాడయితే ఆ మాట మా మీద పడతాది. డిసెంబర్, జనవరి అయితే పొద్దున మొదటి బస్సుకి. పావుకిలో మాంసం అంటే కిలో ఎండ్రకాయల ధర, దాని పైన అమ్మ గంట కూలి. అప్పుడు ప్యాకెట్ చౌక అనకూడదు.

కొర్లగుంట వంటిల్లు:
చౌకే కదా మరి, చౌక అనే అంటా. నెలకొకసారి మీ అమ్మగారి దగ్గర తీసుకుంటా, అంతకన్నా నా జీతానికి కుదరదు. మిగతా వారాలు ప్యాకెట్టే.

తడ రేవు:
సరే అక్కా. ప్యాకెట్ వారాల్లో ఫోటో పెడితే చేప సలాడ్ అని రాయండి. అది మాత్రం నేను వదలను.

చిత్తూరు తోతాపురి:
డిసెంబర్లో తోతాపురి ఉండదు. ఉసిరికాయ తురిమి వేసి చూడండి.