యకుజా ముఠాలో ‘వకగషిరా’ పదవికి తెలుగు మాట కావాలి

జపాన్‌లోని యమగుచి-గుమి ముఠా వారసత్వ తగాదా మీద మా కాలేజీ పత్రికకు ఎనిమిది పేజీల వ్యాసం రాస్తున్నాను. అంతా అయింది, ‘వకగషిరా’ (ముఠా పెద్ద తర్వాత రెండో స్థానం) అన్న ఒక్క పదం దగ్గరే నాలుగు రోజులుగా ఆగిపోయాను.

1981 జూలైలో ముఠా పెద్ద తావొకా చనిపోయాడు. ఆయన తర్వాత వస్తాడనుకున్న వకగషిరా యమమొతో కెనిచి అప్పటికి జైల్లో ఉన్నాడు, 1982 ఫిబ్రవరిలో అతనూ పోయాడు. 1984లో తకెనకాను ముఠా పెద్దగా ఎన్నుకుంటే, ముఠాలోని మరొకడు యమమొతో హిరోషి ఒప్పుకోక విడిపోయి ఇచివా-కాయ్ అనే వేరే ముఠా పెట్టాడు. 1985 జనవరి 26న తకెనకాను కాల్చారు, మర్నాడు చనిపోయాడు. గొడవంతా ఆ రెండో కుర్చీ ఖాళీ అవడంతోనే ముదిరిందని నా అభిప్రాయం. అందుకే ఈ పదం తేలిగ్గా వదిలేయలేను.

‘ఉపనాయకుడు’ అని రాస్తే పార్టీ పదవిలా ఉంది. ‘కుడిభుజం’లో వారసుడనే అర్థం రాదు. ‘చినదొర’ అంటే జమీందారీ వాసన. ముఠాలో పెద్దను తండ్రిగా, అనుచరులను కొడుకులుగా చూస్తారు కాబట్టి ‘పెద్దకొడుకు’ అని పెట్టాను. చదివిన ఇద్దరు స్నేహితులూ సొంత కొడుకే అనుకున్నారు! జపనీస్ పదమే ఉంచి మొదట్లో వివరణ ఇచ్చినా, మూడో పేజీకి మర్చిపోయామన్నారు.

రెండో స్థానం, కాబోయే పెద్ద, రక్తసంబంధం అక్కర్లేదు. ఈ మూడూ వినగానే తట్టేలా మీ ఊళ్లో వాడే తెలుగు మాట ఏదైనా ఉందా?