నాయనమ్మ కథను ఏ తెలుగులో రాసి పెట్టాలి?

మగ్గం వీధి మనవరాలు (బరంపురం):

నమస్కారం. మాది ఒడిశాలోని బరంపురంలో పట్టు నేసిన కుటుంబం. మహురి రాజులు పిలిపిస్తే రాజమహేంద్రవరం వైపు నుంచి వచ్చి ఇక్కడ స్థిరపడ్డామని మా పెద్దలు చెబుతారు. ఇప్పుడు మా ఇంట్లో మగ్గం లేదు. గుంట పూడ్చి పైన గచ్చు చేయించి చాలా ఏళ్లయింది. మా నాయనమ్మకు ఎనభై దాటాయి. కండెలు చుడుతూ తన అత్తగారి దగ్గర విన్న కథలను నా చిన్నతనంలో నాకు చెప్పేది. నేను ఊ కొట్టడం మరిచిపోతే కథ అక్కడే ఆగిపోయేది.

ఆ కథల్లో ఒకటి మా ఊరి బుఢీ ఠాకురాణీది. రెండేళ్లకొకసారి వేసవిలో వారాల తరబడి సాగే జాతరలో అమ్మవారు గుడి విడిచి, దేశీబెహెరా వీధిలోని తాత్కాలిక మందిరానికి వస్తుంది. అది ఆమె పుట్టిల్లు. మా నేతవారి కులపెద్ద దేశీబెహెరా తండ్రి స్థానంలో నిలిచి ఆమెను పిలిచి తెచ్చుకుంటాడు. ఇంతవరకు ఊరంతటికీ తెలిసినదే. నాయనమ్మ చెప్పేటప్పుడు మాత్రం కథ ఇక్కడితో ఆగదు. ఆవిడ కోడలిగా ఈ ఊరు వచ్చిన తొలి ఏడాదే జాతర జరిగిందట. ఇచ్ఛాపురం అవతలి పల్లె నుంచి వాళ్ల నాన్న వచ్చి పుట్టింటికి తీసుకువెళ్లవలసి ఉండగా, పంట పోయి, కూతురికి చీర పెట్టలేనన్న సిగ్గుతో ఆయన రాలేదు. ఆ రాత్రి అమ్మవారి ఘటం వీధిలోకి వచ్చినప్పుడు అరుగు మీద నిలబడి ఏడుస్తూ ఉంటే అత్తగారు చూసి, "అమ్మోరికైనా రెండేళ్లు ఆగితే గానీ పుట్టిల్లు దొరకదే గుంటా, నువ్వేటి ఒక్క ఏడాదికే" అన్నదట. ఈ మాట దగ్గరకు వచ్చేసరికి ఇప్పటికీ నాయనమ్మ గొంతు మారుతుంది.

నా పిల్లలిద్దరూ ఒడియా, ఇంగ్లీషు చదువుతున్నారు. తెలుగు మాట్లాడతారు గానీ కూడబలుక్కుని చదువుతారు. వాళ్ల కోసం ఈ కథలను ఫోనులో రికార్డు చేసి, కాగితం మీద పెడుతున్నాను. ఆ కాగితాలు చూసిన మా బంధువు ఒకాయన, సగం ఒడియా కలిసిన ఈ యాసను మంచి తెలుగులోకి మార్చమనీ, అమ్మవారి కథలో నుంచి నాయనమ్మ సొంత గొడవ తీసివేయమనీ సలహా ఇచ్చారు. మా అబ్బాయి మరో ప్రశ్న వేశాడు: "ఈ కథ మనదా, ఊళ్లో వాళ్లదా?" వాడికి ఏం చెప్పాలో నాకు తోచలేదు. పెద్దలు సలహా ఇవ్వగలరు.

చాక్‌పీసు (పర్లాకిమిడి):

అమ్మా, ఒక్క మాట కూడా మార్చవద్దు. ముప్పై ఏళ్లు తెలుగు పాఠాలు చెప్పినవాడిగా ఈ మాట గట్టిగా చెబుతున్నాను.

మా ఊళ్లోనే ఉద్యోగం చేసిన గిడుగు రామమూర్తిగారు, కొండల మీది సవరల భాషకు లిపి లేకపోయినా, సవరలను తన ఇంట్లో పెట్టుకుని, వాళ్ల నోటి నుంచి విని ఆ భాష నేర్చుకున్నారు. వాళ్ల పాటలనూ కథలనూ సేకరించారు. దశాబ్దాల ఆ శ్రమ ఫలితంగా 1931లో సవర వ్యాకరణం, ఆ తరువాత నిఘంటువు వెలువడ్డాయి. తెలుగువాళ్లు మాట్లాడే తెలుగే పుస్తకాల్లో ఉండాలని పోరాడినదీ ఆయనే. ఈ రెండు పనులనూ వేరువేరుగా చెప్పుకోవడం మనకు అలవాటు. ఎదుటి మనిషి నోట ఏ మాట వస్తే ఆ మాటనే నమ్మడం ఆయన సవరల దగ్గర అభ్యాసం చేశారనీ, అందువల్లనే పండితులు తెలుగుకు గీసిన గీత ఆయనకు కృతకంగా కనిపించిందనీ నేను అనుకుంటాను.

1936 ఏప్రిల్ 1న ఒరిస్సా రాష్ట్రం ఏర్పడి పర్లాకిమిడి అందులో చేరినప్పుడు ఆయన ఈ ఊరు విడిచి రాజమహేంద్రవరం వెళ్లిపోయారు. మన పెద్దలు ఉండిపోయారు. ఉండిపోయిన వాళ్ల తెలుగు ఈ తొంభై ఏళ్లలో ఎలా మారిందో పాఠ్యపుస్తకాల్లో దొరకదు. అది మీ నాయనమ్మ లాంటి వాళ్ల గొంతులో ఉంది. దాన్ని మీరు దిద్దితే ఆ ఆనవాలు పోతుంది.

నేను చేసిన ఒక తప్పు కూడా చెబుతాను. ఉద్యోగంలో చేరిన కొత్తలో, తరగతిలో కథ చెబుతున్న ఒక పిల్లను "అప్ప కాదు, అక్క అనాలి" అని మధ్యలో ఆపాను. ఆ పిల్ల అక్క అని దిద్దుకుని కూర్చుంది. ఆ ఏడాదంతా మళ్లీ కథ చెప్పడానికి లేవలేదు. ఆ ముఖం నాకు ఇంకా గుర్తుంది.

ఒడియా మాటలను ఉన్నవి ఉన్నట్లు రాసి, అర్థం పేజీ అడుగున ఇవ్వండి.

నాగావళి ఒడ్డు (రాయగడ):

మాస్టారు భాష సంగతి చెప్పారు గనుక, సొంత గొడవ తీసివేయమన్న సలహా గురించి నేను రాస్తాను. మా నాయనమ్మది బొబ్బిలి, అమ్మమ్మది విజయనగరం. 1757 జనవరి 24న జరిగిన బొబ్బిలి యుద్ధాన్ని మా ఇంట్లో రెండు విధాలుగా చెప్పేవారు. ఫ్రెంచి సేనాని బుస్సీ ఫిరంగుల ముందు బొబ్బిలి కోట కూలిపోయిన తరువాత, తాండ్ర పాపారాయుడు రాత్రివేళ విజయనగరం రాజు విజయరామరాజు డేరాలో దూరి ఆయనను చంపిన ఘట్టం రాగానే నాయనమ్మ లేచి నిలబడేది. అమ్మమ్మ కథలో పాపారాయుడి పేరే సరిగా వినపడదు. అన్న విజయరామరాజు చనిపోతాడని ముందే కలత పడి, ఆ వార్త తెలిసి ప్రాణం విడిచిన చెల్లెలు పైడితల్లి అందులో ఉంటుంది. ఆ చెల్లెలికే ఏటా దసరా వెళ్లిన మంగళవారం విజయనగరంలో సిరిమాను ఎత్తుతారు.

ఒకే యుద్ధంలో నుంచి ఒక ఊరు వీరుణ్ణి తీసుకుంది, మరొక ఊరు ఆడపడుచును తీసుకుంది. బొబ్బిలివాళ్లం, విజయనగరంవాళ్లం అని వాళ్లు చెప్పుకునేటప్పుడు వెనుక నిలబడేవి ఈ కథలే. ఒక ఇంటి ఆడపిల్ల దుఃఖం ఊరి దేవత కథగా మారడం మన ఉత్తరాంధ్రలో కొత్త కాదు గనుక, మీ నాయనమ్మ తన దుఃఖాన్ని ఠాకురాణీ కథలో కలిపి చెప్పడాన్ని కల్తీగా నేను చూడలేను. జానపద కథ ఎప్పుడూ పెరిగే తీరే అది. మీ నాయనమ్మ అత్తగారి మాట తీసివేస్తే మిగిలేది జాతర గురించిన సమాచారం. అది ఎవరైనా రాయగలరు.

కథ రాసే ప్రతిసారీ, ఎవరి దగ్గర విన్నదో, ఏ పని చేస్తూ విన్నదో కూడా పైన రాసి పెట్టండి. మా నాయనమ్మ విషయంలో నేను ఆ పని చేయలేదు. ఇప్పుడు అడగడానికి ఆవిడ లేదు.

జయపురం కోడలు (కొరాపుట్ జిల్లా):

అక్కా, పెద్దలు చెప్పినదంతా నిజమే గానీ, నాది కొంచెం వేరు అభిప్రాయం. రాసి పెట్టడం మీదనే దృష్టంతా పెడితే, పిల్లలు చదవలేని తెలుగులో అందమైన నోటుపుస్తకం ఒకటి బీరువాలో మిగులుతుంది. పిల్లలకు తెలుగు బాగా వచ్చాక మా అత్తగారి కథలు చెబుదామని నేను ఏళ్ల తరబడి ఆగాను. తెలుగు వచ్చేలోపే వాళ్లు హాస్టలుకు వెళ్లిపోయారు. అందుచేత మీ అబ్బాయిని ముత్తమ్మ పక్కన కూర్చోబెట్టి ఊ కొట్టనివ్వండి. వాడు ఒడియాలో అడిగితే ఒడియాలోనే అడగనివ్వండి. ఆవిడకు ఆ భాష రాకపోలేదు కదా.

మీ అబ్బాయి ప్రశ్నకు మీరు చెప్పిన కథలోనే జవాబు ఉన్నట్లు నాకు అనిపించింది. మగ్గాలు మోసుకుని వేరే దేశం నుంచి వచ్చినవాళ్లు, ఊరందరికీ తల్లి అయిన దేవతకు తామే పుట్టింటివాళ్లమన్నారు. ఊరు కాదనలేదు. రెండేళ్లకొకసారి ఒడియావాళ్లూ తెలుగువాళ్లూ అందరూ మొక్కుకుని పులివేషాలూ దేవతల వేషాలూ కట్టి, ఆ పుట్టిల్లున్న వీధికే వస్తున్నారు. మన మాటలో చెప్పాలంటే ఊరు అత్తవారు, మీరు పుట్టింటివారు. ఆ కథ మీ మధ్య వియ్యం కలిపింది. ఆడపిల్ల ఏ ఇంటిది అని అడిగితే రెండు ఇళ్లదీ అంటాము కదా, ఈ కథ కూడా అంతేనని వాడికి చెప్పి చూడండి.

మగ్గం వీధి మనవరాలు (బరంపురం):

అందరికీ నమస్కారాలు. దిద్దిన పేజీలు పక్కన పెట్టి, రికార్డింగు విని మళ్లీ మొదటి నుంచి రాస్తున్నాను. వియ్యం మాట మా అబ్బాయికి చెబితే, అయితే తన స్నేహితులంతా అమ్మవారి అత్తవారా అని నవ్వాడు.

మొన్న ఆదివారం వాణ్ణి నాయనమ్మ దగ్గర కూర్చోబెట్టాను. కథ అరుగు దగ్గరికి రాగానే వాడు ఒడియాలో, మరి మీ నాన్న తరువాతైనా వచ్చాడా అని అడిగాడు. నాయనమ్మ కాసేపు ఆగి, ఒడియాలోనే చెప్పింది: మరుసటి ఎండాకాలంలో ఆయన వచ్చాడట, చీర లేదు గానీ, ఉద్దానం పనసపండు ఒకటి భుజాన మోసుకుని వీధి చివర నిలబడి, ఇంటికి రావడానికి మొహమాటపడుతుంటే అత్తగారే వెళ్లి పిలుచుకొచ్చిందట. ఈ కథను నేను ముప్పై ఏళ్లుగా వింటున్నాను. ఆయన వచ్చాడా అని నేను ఎన్నడూ అడగలేదు. ఆ భాగాన్ని మా వాడు తన నోటుపుస్తకంలో ఒడియా లిపిలో రాసుకున్నాడు; నేను దాని ఎదుటి పేజీలో తెలుగులో రాస్తున్నాను.