బర్సాకు తెలుగు మాట: తిత్తి అంటే సరిపోతుందా?

గుంటూరు, ప్రశ్న అడిగిన సభ్యుడు:

సభ్యులందరికీ నమస్కారం. మా మరదలు గుంటూరులో ఫిజియోథెరపీ చేస్తుంది. తన దగ్గరికి వచ్చేవారిలో మిర్చి యార్డు హమాలీలు, టైల్స్ పరిచే మేస్త్రీలు ఎక్కువ. వారికి ఇవ్వడానికి నాలుగు పేజీల కరపత్రం తెలుగులో రాసిపెట్టమని నన్ను అడిగింది. అంతా ఏదో ఒక విధంగా సాగింది గానీ, బర్సా అనే ఒక్క మాట దగ్గర మూడు రోజులుగా కలం ఆగిపోయింది.

విషయం ఇది. చర్మం ఎముక మీద, స్నాయుబంధనం (కండరాన్ని ఎముకకు కట్టిపట్టే గట్టి నార) ఎముక మీద, కండరం మరో కండరం మీద ఒరుసుకొనే చోట్ల, ఆ రెండింటి మధ్య పలుచని పొరతో ఏర్పడిన చిన్న మూసిన సంచి ఉంటుంది. దాని లోపలి గోడలు కోడిగుడ్డు తెల్లసొన వంటి జిగట ద్రవాన్ని కొద్దిగా స్రవిస్తాయి. ఆ తడి వల్ల ఒక గోడ మరో గోడ మీద జారిపోతుంది కాబట్టి పైనున్నది కిందున్నదాన్ని అరగదీయదు. శరీరం మొత్తం మీద ఇవి 150కి పైగా ఉంటాయనీ, ఒక్క మోకాలి చుట్టూనే పదికి పైగా ఉంటాయనీ పాఠ్యగ్రంథాలు లెక్క చెబుతాయి.

"కీలు సంచి" అని రాస్తే కీలు లోపల ఉన్నదేదో అనుకుంటారు. "గుజ్జు" అనడానికి వీల్లేదు, ఎందుకంటే మోకాళ్ళలో గుజ్జు అరిగిపోయింది అని మనవాళ్ళు అనేది కీలులో ఎముకల కొసలను కప్పే మృదులాస్థి గురించి. "నీటిబుడగ" అంటే రోగం పేరులా ఉంది. హిందీ పరిభాష ధోరణిలో "శ్లేష్మపుటి" అని రాసి చూపిస్తే, "జలుబు గురించా బావా?" అని మా మరదలే నవ్వింది. పెద్దలు దారి చూపగలరు.

గుంటూరు, బ్రాడీపేట సభ్యులు:

శ్లేష్మం అంటే ఇప్పుడు జలుబు గుర్తుకు వస్తున్నది గానీ, ఆ మాటకు కీళ్ళతో సంబంధం చాలా పాతది. సుశ్రుత సంహిత శారీరస్థానంలో ఈ శ్లోకం ఉంది:

స్నేహాభ్యక్తే యథా హ్యక్షే చక్రం సాధు ప్రవర్తతే
సంధయః సాధు వర్తంతే సంశ్లిష్టాః శ్లేష్మణా తథా

నూనె పూసిన ఇరుసు మీద చక్రం ఎట్లా చక్కగా తిరుగుతుందో, శ్లేష్మంతో కూడుకొన్న సంధులు కూడా అట్లే చక్కగా పని చేస్తాయి అని తాత్పర్యం. ఇరుసుకు పూసేదాన్ని మన రైతులు కందెన అన్నారు. ఆముదంలో వరిగడ్డి మసి కలిపి గొట్టంలో పోసి బండి కింద వేలాడదీసిన కందెన మా చిన్నతనంలో ప్రతి ఇంటి ముందూ కనిపించేది. కాబట్టి "కందెన తిత్తి" అని రాయండి. హమాలీలకు వెంటనే అర్థమవుతుంది.

విజయవాడ, ప్రూఫ్ రీడరుగా పనిచేసి విరమించిన సభ్యులు:

శ్లోకం చక్కగా ఉంది. అయితే అది కీలు లోపలి కదలికను గురించి చెప్పినది, బర్సాను గురించి కాదు. ఈ తేడా నాకు పుస్తకాల వల్ల కాక నా మోచేతి వల్ల తెలిసింది కనుక కొంచెం వివరంగా రాస్తాను.

విజయవాడ ప్రచురణ సంస్థల గాలీ ప్రూఫులు దిద్దుతూ, ఎడమ మోచేతిని బల్ల మీద ఆనించి గడ్డం అరచేతిలో పెట్టుకొని కూర్చోవడం నాకు ముప్పై ఏళ్ళ అలవాటు. ఒకనాటి ఉదయం మోచేతి కొసన నిమ్మకాయంత ఉబ్బు కనిపించింది. నొక్కితే మెత్తగా అటూ ఇటూ కదిలేది. ముందుగా చూసిన డాక్టరు గారు "మోచేతి కీలులో నీరు చేరింది" అన్నారు. నేను భయపడ్డాను గానీ ఒక సందేహం మిగిలింది: కీలులో నీరు చేరితే చేయి పూర్తిగా చాచడం కష్టం కావాలి కదా, నాకు చేయి మునుపటిలాగే మడత పడుతున్నది, సాగుతున్నది. రెండవ డాక్టరు గారు సూదితో ఆ ద్రవం తీయించి, అందులో సూక్ష్మజీవులు గానీ యూరిక్ ఆమ్లపు స్ఫటికాలు గానీ ఉన్నాయేమో పరీక్ష చేయించారు. ఏవీ లేవు. ఉబ్బినది చర్మానికీ మోచేతి ఎముక కొసకీ మధ్యనున్న బర్సా అనీ, కీలుకు దానితో సంబంధమే లేదనీ చెప్పి, బల్ల మీద దిండు వేసుకోమన్నారు. దీన్ని ఇంగ్లీషువారు "విద్యార్థి మోచేయి" అంటారట. అరవై ఏళ్ళకు మళ్ళీ విద్యార్థిని అయ్యాను!

అందుచేత "కీలు" అన్న మాట ఈ పేరులో చేరడం నాకు ఇష్టం లేదు. మోకాలి చిప్పకు పైభాగాన ఉండే బర్సా వంటి కొన్ని మాత్రం కీలు లోపలి ఖాళీతో కలిసే ఉంటాయి. ఎక్కువవి కీలు పక్కన, దానికి వెలుపల వేరుగా మూసి ఉండే సంచులు. "కందెన"కు కూడా నా అభ్యంతరం ఇలాంటిదే. కందెన గొట్టంలో నుండి కందెన తీసి ఇరుసుకు పూస్తాం. బర్సా తన ద్రవాన్ని బయటికి ఒక్క చుక్క కూడా ఇవ్వదు. జారేది దాని గోడలే.

తిత్తి అన్నది మాత్రం ఎంతో బాగుంది. బర్సాకు మూలమైన గ్రీకు మాటకు తోలు అని అర్థం, లాటిన్‌లో అది డబ్బు సంచి అయింది, మనం రోజూ జేబులో పెట్టుకొనే పర్సు దాని తోబుట్టువు. తెలుగులో ఈ రెండర్థాలూ తిత్తి ఒక్కటే మోస్తుంది. కమ్మరి కొలిమి దగ్గర ఉన్నది తోలు తిత్తి, శ్రుతి కోసం ఊదేది తిత్తి, డబ్బు దాచుకొనేదీ తిత్తే. తత్త్వాలు పాడేవారు ఈ శరీరాన్నే తొమ్మిది తూట్ల తోలుతిత్తి అన్నారు. శరీరశాస్త్రంలో కూడా మనవాళ్ళు ఏనాడో ఊపిరితిత్తి అని ఆ మాటకు చోటు ఇచ్చేశారు. ఇక "సంధితిత్తి" అని మాత్రం దయచేసి రాయకండి. సంస్కృత పదాన్ని నేరుగా తెలుగు పదానికి అతికించడం వైరిసమాసం అవుతుంది, వినడానికీ బాగుండదు.

ఇంకొక జాగ్రత్త కూడా ఉంది. మందులకు లొంగనప్పుడు శస్త్రచికిత్సతో బర్సాను తీసివేయడం అరుదుగా జరుగుతుంది. కరపత్రంలో ఆ చోట "డాక్టరు గారు తిత్తి తీస్తారు" అని రాశారంటే రోగి ఆ ఛాయలకు మళ్ళీ రాడు. "తొలగిస్తారు" అనండి.

మంగళగిరి సభ్యురాలు:

నమస్కారం మాస్టారూ. మాది నేతవారి ఇల్లు. ఇంగ్లీషులో కూర్చునే ఎముక దగ్గరి బర్సా వాపుకు "నేతగాడి పిరుదు" అని పేరుందని చదివి, మా నాన్నగారిని అడిగాను. గుంట మగ్గం మీద గుంట అంచున కూర్చొని, కాళ్ళు గుంటలోకి దించి కాలి చెక్కలు తొక్కుతూ, రోజుకు ఎనిమిది గంటలు బరువంతా రెండు పిర్రల ఎముకల మీదే మోపుతారు. మెత్తగా ఉంటుందని ఆయన గోనెపట్టాను నాలుగు మడతలు వేసి, దాని మీద పాత చీర పరుస్తారు. "కూర్చున్నచోట పోటు" అని తప్ప దానికి మా ఇంట్లో వేరే పేరు లేదు. పోటు కుడివైపు ఎక్కువైన రోజున మడతను ఎడమవైపుకు జరుపుకొంటారు.

ఇలా వృత్తి పేర్లు పెట్టడం నాకు నచ్చలేదని కాదు, వాటిని ఉన్నవి ఉన్నట్లు తెలుగులోకి దించితే పొసగవని చెప్పాలని రాస్తున్నాను. మోకాలి చిప్ప ముందరి బర్సా ఉబ్బితే దానిని "పనిమనిషి మోకాలు" అంటారట. ముందుకు వంగి మోకాళ్ళ మీద నేల రుద్దేటప్పుడు చిప్ప మీద బరువు పడుతుంది. మన ఇళ్ళలో బండలు తుడిచేవారు గొంతుక్కూర్చొని తుడుస్తారు గానీ మోకాళ్ళ మీద తుడవరు. అసలు మోకాళ్ళ మీద పని చేసేవారు టైల్స్ పరిచే మేస్త్రీలు. నిటారుగా మోకరిల్లేవారికి బరువు చిప్పకు దిగువన పడుతుంది, అందుకని అక్కడి బర్సాకు పాస్టరుగారి మోకాలు అనే పేరు వచ్చింది. మోకరిల్లడం అన్న క్రియలోనే మనకు మోకాలు ఉంది కదా, దాన్ని వాడుకోవచ్చునేమో.

విజయవాడ, ప్రూఫ్ రీడరు:

అమ్మా, చాలా మంచి పరిశీలన. మీ మోకాలి మాట నన్ను మరొక మాట దగ్గరికి తీసుకువెళ్ళింది. మోకాలి లోపలి పక్కన, కీలుకు రెండంగుళాల దిగువన, తొడ నుండి వచ్చే మూడు కండరాల స్నాయుబంధనాలు ఒకే చోట ఎముకకు అతుక్కొంటాయి. అవి విచ్చుకొన్న తీరు బాతు పాదంలా ఉందని లాటిన్‌లో "పెస్ ఆన్సెరినుస్" అన్నారు. పెస్ అంటే పాదం, ఆన్సెర్ అంటే బాతు జాతి పక్షి. ఆన్సెర్, మన సంస్కృత హంస, ఇంగ్లీషు గూస్ ఒకే ప్రాచీన మూలం నుండి వచ్చిన మాటలు. అంటే దానికి అచ్చమైన అనువాదం హంసపాదు!

వాక్యంలో మాట జారిపోయినచోట నేను జీవితమంతా పెట్టిన గుర్తు అదే. ఆ మూడు బంధనాల కింద ఉండే బర్సాను "హంసపాదు తిత్తి" అనవచ్చు. అది వాచినవారికి మెట్లెక్కేటప్పుడు నొప్పి ఎక్కువ. ఇంద్రకీలాద్రి మొదటి మెట్టు మీదే కాలు మొరాయించినవారికి ఆదిలోనే హంసపాదు పడిందని చెబితే, శాస్త్రమూ సామెతా రెండూ నిజమే అవుతాయి.

గుంటూరు, ప్రశ్న అడిగిన సభ్యుడు:

అందరికీ కృతజ్ఞతలు. ఒక్క చిక్కు ఇంకా ఉంది. అండాశయంలో ఏర్పడే వాటిని కూడా "నీటి తిత్తులు" అంటున్నారు కనుక, వట్టి తిత్తి అంటే చదివేవారు శరీరంలో సహజంగా ఉన్న భాగాన్ని రోగం అనుకొనే ప్రమాదం ఉంది. హమాలీల విషయంలో అది మరీ చిక్కు. నలభై కిలోలకు పైబడిన మిర్చి టిక్కీలను (బస్తాలను) రోజూ భుజానికి ఎత్తుకొనేవారికి, బరువు ఒరుసుకొనే చోట లోపల కొత్తగా బర్సా ఏర్పడడమూ ఉంది. పుట్టుకతో లేనిచోట కూడా ఒరిపిడిని తట్టుకోవడానికి శరీరం దాన్ని తయారు చేసుకొంటుంది. చర్మం పైన జరిగే ఇటువంటి పనికి మనకు "కాయ కాచింది" అనే చక్కని మాట ఉంది. లోపల జరిగేదానికి లేదు.

మీ చర్చ తరువాత "జారుడు తిత్తి" అని ఖాయం చేసుకొన్నాను. వ్యాధికి "తిత్తివాపు" అన్నాను. తుంటి పక్కన లోతుగా ఉన్న తిత్తి మంటెత్తినప్పుడు పైకి వాపు కనిపించదు, ఆ పక్కకు తిరిగి పడుకొంటే నొప్పి మాత్రమే తెలుస్తుంది. అందుచేత అక్కడ "తిత్తినొప్పి" అని మార్చాను. కరపత్రంలో ఆ భాగం ఇప్పుడు ఇలా ఉంది:

"ఎముక మీద చర్మం గానీ కండరం గానీ ఒరుసుకొనే చోట్ల అందరికీ పలుచని జారుడు తిత్తులు ఉంటాయి. డాక్టర్లు వీటిని బర్సా అంటారు. ఇవి ఉండడం రోగం కాదు. ఒకే చోట ఎక్కువకాలం బరువు ఆనితే, లేదా దెబ్బ తగిలితే, తిత్తిలో ద్రవం పెరిగి ఉబ్బుతుంది. ఆ చోటికి బరువు తగ్గించి, మెత్త వేసుకొంటే చాలాసార్లు అదే తగ్గుతుంది. ఉబ్బిన చోట ఎర్రబడి వేడిగా ఉన్నా, జ్వరం వచ్చినా ఆ రోజే డాక్టరుకు చూపించండి."

మా మరదలు దీన్ని ఒక మేస్త్రీ గారి చేత చదివించిందట. ఆయన ఎక్కడా ఆగలేదు గానీ, "మెత్త" దగ్గర మాత్రం తలెత్తి, "దిండా, స్పాంజి ముక్కా?" అని అడిగారట. స్పాంజి ముక్క అని మార్చేశాను.