బజ్జీల పిండిలో తినేసోడా వేయాలా, వద్దా?

కాకినాడ కోడలు:
అందరికీ నమస్కారం. మా ఇంట్లో ఎప్పటినుంచో తేలని పంచాయితీ ఇది. పిండిలో చిటికెడు తినేసోడా పడకపోతే బజ్జీ పొంగదు, కరకరలాడదు అని మా అత్తయ్యగారి మాట. సోడా వేస్తే బజ్జీ నూనె తాగేస్తుందని మా అమ్మ దాన్ని వంటింట్లోకే రానిచ్చేది కాదు. వాన పడిందంటే మా ఇంట్లో అరటికాయో, వంకాయో, మిరపకాయో బజ్జీలు పడాల్సిందే. మూకుట్లోంచి తీసినప్పుడు బాగానే ఉంటున్నాయి, పావుగంటకే మెత్తబడిపోతున్నాయి. ఇది సోడా వేసినందువల్లా, వేయనందువల్లా? పాళ్లతో సహా చెప్పండి.

గుంటూరు అబ్బాయి:
వేయాల్సిందే అక్కా. సాయంత్రం పూట బండి దగ్గర నిలబడి చూడండి. మిరపకాయను తొడిమ పట్టుకుని చిక్కటి పిండిలో ముంచి, ఒక పక్క గిన్నె అంచుకు గీసి నూనెలోకి జారవిడుస్తారు. అంత మందాన పట్టిన శనగపిండి సోడా లేకుండా లోపలిదాకా ఉడకదు. పైన ఎర్రగా కనిపిస్తుంది, కొరికితే కాయ పక్కన పచ్చిపిండి తగులుతుంది. సోడా పడితే పొర గుల్లగా విచ్చుకుని అంతా సమానంగా వేగుతుంది. సోడా లేని మిరపకాయ బజ్జీని నేను బజ్జీ అనను.

వాము వాసన:
తమ్ముడూ, పొంగడం వేరు, కరకరలాడడం వేరు. ఈ రెండూ ఒకటే అనుకోవడం వల్లే ఇళ్లలో ఈ గొడవ. సోడా ఇచ్చేది పొంగు. వేడి తగలగానే గ్యాసు పుట్టి పిండిలో బుడగలు కడుతుంది. ఆ గుల్లల్లోకే నూనె చేరుతుంది, కాయలోంచి వచ్చే ఆవిరీ చేరుతుంది. కరకర కావాలంటే బియ్యప్పిండి వేయాలి. కప్పు శనగపిండికి రెండు పెద్ద చెంచాలు చాలు. అంతకు మించితే చల్లారాక గట్టిపడి పళ్లకు పని పెడుతుంది.

పకోడీ సంగతి చూడండి. ఉల్లిపాయ చీలికల్లో ఉప్పు వేసి నలిపి, ఊరిన నీటితోనే పిండి కలిపితే సోడా ఊసే లేకుండా ఎంత బాగా కరకరలాడతాయి! నీరు ఎంత తక్కువైతే కరకర అంత ఎక్కువ. బజ్జీకి జారుడు పిండి తప్పదు కాబట్టి మిగతాచోట్ల నీటిని తగ్గించుకోవాలి. అరటికాయ ముక్కలు నల్లబడకుండా ఉప్పునీళ్లలో వేస్తాం కదా, వాటిని తీసి అలాగే ముంచితే పిండి పట్టదు. పొడిగుడ్డ మీద పరిచి, పైన కూడా అద్ది, పొడి బియ్యప్పిండి పలచగా చల్లి అప్పుడు ముంచండి. మిరపకాయ చీలికలో నీటిచుక్క ఉండకూడదు. అది నూనెలో చిటపటలాడి మొహం మీదికి చిమ్ముతుంది కూడా, జాగ్రత్త.

ఇక అమ్మాయ్, పావుగంటకే మెత్తబడడానికి నా అనుమానం సోడా మీద కాదు, తీసి పెట్టే గిన్నె మీద. వేడివేడి బజ్జీలను ఒకదాని మీద ఒకటి పోసి మూత పెడితే వాటి ఆవిరికి అవే మెత్తబడతాయి. హాట్‌ప్యాక్‌లో పెడితే చెప్పనక్కర్లేదు. చిల్లుల గిన్నెలో విడివిడిగా, మూత లేకుండా పెట్టి చూడు.

డాలస్ నుంచి:
నేనైతే ఐస్ నీళ్లతో కలుపుతాను. జపాన్ వాళ్లు కూరగాయలు, రొయ్యలు పిండిలో ముంచి వేయించే టెంపురాకి ఇదే కిటుకు. ఇక్కడ చాలామంది మన బజ్జీలకూ అలాగే చేస్తున్నారు, సోడా అవసరమే రాదు.

సైన్సు మాస్టారు:
టెంపురా గోధుమపిండితో చేస్తారమ్మా. గోధుమలో గ్లూటెన్ ఉంటుంది. అది సాగి పొర రబ్బరులా కాకుండా చల్లటి నీళ్లు వాడి, పైపైన కలుపుతారు. శనగపిండిలో గ్లూటెన్ లేదు, కాబట్టి ఆ కారణం ఇక్కడ వర్తించదు. మీరు మైదా కలుపుతుంటే మాత్రం ఐస్ నీళ్లకు అర్థం ఉంది.

సోడా గురించి కూడా చెప్తాను. వేడికి అందులోంచి కార్బన్ డయాక్సైడు పోయాక సోడియం కార్బొనేటు మిగులుతుంది. దాని క్షారగుణం ఇంకా ఎక్కువ. సబ్బు రుచి అంటామే, అది ఇదే. పొర త్వరగా ఎర్రబడడానికీ ఇదే కారణం, అందుకే సోడా ఎక్కువైతే రంగు చూసి వేగిందనుకుని ముందే తీసేస్తాం. పిండిలో పసుపు వేసే అలవాటుంటే ఒకటి గమనించండి. సోడా వేసిన చోట పసుపు ఎర్రగా తిరిగిందంటే అది సరిగా కలవలేదు, లేదా ఎక్కువైంది. పుల్లటి మజ్జిగ కాస్త కలిపితే ఆ క్షారం చాలావరకు విరుగుతుంది. మిరపకాయలో చింతపండు గుజ్జు పెడతాం గానీ, అది కాయలోపల ఉంటుంది, పైపిండికి అందదు. రక్తపోటు ఉన్నవాళ్లు సోడాలోనూ సోడియం ఉందని గుర్తుపెట్టుకోవాలి.

ఓరుగల్లు అమ్మ:
సోడా ఎందుకు బిడ్డా, రెండు చెంచాల నూనె బాగా కాచి పిండిలో పొయ్యి, చెంచాతోని కలుపు. పొర గుల్లగా వస్తది, సబ్బు రుచి రాదు. మా ఇంట్ల మిర్చీలు ఎప్పుడూ ఇట్లనే చేస్తం. మంట మాత్రం ముఖ్యం. పిండి చుక్క వేస్తే అడుక్కు పోయి వెంటనే పైకి తేలాలె. అడుగునే కూర్చుంటే నూనె కాగలేదన్నట్టు, అప్పుడు వేస్తే సోడా ఉన్నా లేకున్నా నూనె తాగుడే.

గుంటూరు అబ్బాయి:
నూనె కాగాలన్నది ఒప్పుకుంటాను. 170, 180 డిగ్రీల మధ్య ఉండాలి, ఒక్కసారే మూకుడు నింపేస్తే అది పడిపోతుంది. కానీ కట్ మిర్చి మాటేమిటి? సగం వేయించి తీసి, ముక్కలు కోసి, మళ్లీ నూనెలో వేస్తారు. గుల్లబారిన పొర ఉంటేనే ఆ ముక్కల అంచులు అంత బాగా వేగుతాయి.

వాము వాసన:
అక్కడ కరకర రెండోసారి వేయించడం వల్ల వస్తోంది, సోడా వల్ల కాదు. మొదటి వాయిలో కాయ నీరు పొరలోకి వస్తుంది, రెండో వాయిలో ఆ నీరు ఎగిరిపోతుంది. సోడా లేకుండా కోసి వేయించి చూడు తమ్ముడూ. వామాకు బజ్జీకైతే సోడా అసలే వద్దు. పొర పొంగి ఆకు రుచి కనబడకుండా పోతుంది.

కాకినాడ కోడలు:
చాలా థ్యాంక్స్ అండీ. అయితే పిండి రెండు గిన్నెల్లో కలుపుతాను. మిరపకాయలకు అత్తయ్యగారి ఇష్టప్రకారం సోడా, అరటికాయకూ వామాకుకూ బియ్యప్పిండి, కాచిన నూనె. ఒక్క సందేహం, సోడా పిండిని ముందే కలిపి పెట్టుకోవచ్చా?

సైన్సు మాస్టారు:
వద్దమ్మా. పిండి ముందే కలిపి పెట్టుకో, సోడా మాత్రం మూకుట్లో నూనె కాగాక వెయ్యి. కప్పు పిండికి చిటికెడు దాటకూడదు. వేసి నానబెడితే గ్యాసు కొంత గిన్నెలోనే పోతుంది, పొంగు తగ్గి క్షారం మిగులుతుంది.